కర్నల్, డెట్, మనం: ఇంగ్లీషు కష్టపదాల వెనక ఉన్న చరిత్ర

పోస్టు పెద్దదే, ఓపిక ఉన్నప్పుడు చదవండి. ముఖ్యంగా ఈ ఏడాది డిగ్రీ ఫస్టియర్‌లో చేరిన తమ్ముళ్ళు, చెల్లెళ్ళు తప్పకుండా చదవాలి. మా హాస్టల్లో ఒక తమ్ముడికి రెండు రాత్రులు కూర్చుని చెప్పిన సంగతులే ఇవి. అందరికీ పనికొస్తాయని రాస్తున్నాను.

ముందు నా సంగతి చెప్తాను. పోయిన సంవత్సరం హిస్టరీ క్లాసులో నన్ను లేపి ఒక పేరా చదవమన్నారు. అందులో ఒక బ్రిటిష్ ఆఫీసరు పేరు ముందు సి-ఓ-ఎల్-ఓ-ఎన్-ఈ-ఎల్ అని ఉంది. నేను ఉన్నది ఉన్నట్టు "కొలొనెల్" అని చదివాను. క్లాసంతా ఒకటే నవ్వు. సారు కూడా నవ్వి "కల్నల్ అనాలయ్యా" అన్నారు. ఆ రోజు నుంచి మూడు నెలలు నా పేరు కొలొనెల్. క్యాంటీన్‌లో కొలొనెల్, బస్సులో కొలొనెల్. నేను పైకి నవ్వేవాణ్ణి. కానీ ఆ తర్వాత ఏ క్లాసులోనూ నోరు తెరవలేదు.

ఈ ఏడాది అదే పని మా రూమ్ తమ్ముడికి జరిగింది. ఎకనామిక్స్‌లో అప్పు అనే అర్థం వచ్చే మాటని "డెబ్ట్" అని చదివాడు. బి పలకకూడదు, "డెట్" అనాలి. మళ్ళీ నవ్వులు. ఆరు రోజులు క్లాసుకి పోలేదు. ఏడో రోజు ట్రంకుపెట్టె సర్దుకుంటున్నాడు. ఏట్రా అంటే, "ఈ సదువు మనకి కాదన్నా. కొండకి ఎల్లిపోతాను, జీడితోట చూసుకుంటాను" అన్నాడు. వాళ్ళింట్లో పదో తరగతి దాటింది వాడొక్కడే. మా ఇంట్లో నేనొక్కణ్ణే.

నేను వాడికి ధైర్యం చెప్పలేదు. ఉత్త ధైర్యం ఎవరు చెప్పినా నిలవదు. లైబ్రరీలో నాకు దొరికిన చరిత్ర చెప్పాను.

నవ్వినవాళ్ళు కూడా తప్పే

క్లాసులో నవ్వులయ్యాక చాలా రోజులకి నేను లైబ్రరీలో పెద్ద డిక్షనరీ తీసి ఆ మాట వెతికాను. అందులో కొలొనెల్ లేదు. కల్నల్ కూడా లేదు! "కర్నల్" అని ఉంది. గింజ లోపలి పప్పుకి ఇంగ్లీషులో వాడే మాట, ఈ సైన్యం మాట, రెండూ చెవికి ఒకేలా వినిపిస్తాయట. అంటే నవ్విన క్లాసంతా, దిద్దిన సారూ, తెలుగు పేపర్లూ అందరూ డిక్షనరీ లెక్కన తప్పే. కాకపోతే వాళ్ళది పదిమంది కలిసి చేసే తప్పు, నాది ఒక్కడు చేసిన తప్పు. తేడా అంతే.

ఎల్ రాసి ఆర్ ఎందుకు పలుకుతారు? ఇటలీ భాషలో స్తంభాన్ని కొలొన్న అంటారు. స్తంభంలా బారులు తీరి నడిచే సైన్యానికి పెద్ద కొలొనెల్లొ. అది ఫ్రాన్సుకి వెళ్ళేసరికి ఒకే మాటలో రెండు ల-కారాలు నోరు తిరగక, మొదటి ల-ని ర చేసి "కొరొనెల్" అన్నారు. 16వ శతాబ్దంలో ఇంగ్లీషువాళ్ళు ఆ ఫ్రెంచి మాటే తెచ్చుకున్నారు. తర్వాత చదువుకున్నవాళ్ళు ఇటలీ పుస్తకాలు చూసి, అసలు స్పెల్లింగ్ ఎల్ కదా అని రాతని మార్చారు. నోరు మాత్రం పాత ర-నే పట్టుకుంది. రాత ఒక దేశానిది, పలుకు ఇంకో దేశానిది. నాలుగు వందల ఏళ్ళ కిందట ఫ్రెంచి సిపాయిల నోరు తిరగకపోవడమే ఈరోజు "సరైన ఉచ్చారణ".

డెట్‌లో బి ఎవరు పెట్టారు

డెట్ కథ ఇంకా బాగుంటుంది. ఈ మాట ఫ్రెంచి నుంచి ఇంగ్లీషులోకి వచ్చినప్పుడు అందులో బి అక్షరమే లేదు. డెట్ అని పలికేవారు, డి-ఈ-టి-టి-ఈ అని రాసేవారు. తర్వాత కాలంలో లాటిన్ మీద మోజు పెరిగింది. లాటిన్‌లో అప్పుని డెబిటుమ్ అంటారు కాబట్టి, మన మాట కూడా అంత గొప్ప వంశం నుంచి వచ్చిందని చూపించడానికి పండితులు మధ్యలో బి దూర్చారు. అనుమానం అనే అర్థం వచ్చే "డౌట్"లో బి కూడా అలాగ దూరిందే. ద్వీపాన్ని చెప్పే "ఐలండ్"లో ఎస్ ఇంకా అన్యాయం. ఆ మాటకి లాటిన్‌తో సంబంధమే లేదు, అది పాత ఇంగ్లీషు మాట. వేరే మాటతో పొరబడి ఎస్ తగిలించారు. ఆ పొరపాటు నేటికీ స్పెల్లింగ్ టెస్టులో మార్కులు కోస్తోంది.

షేక్స్‌పియర్ 1590ల్లో రాసిన లవ్స్ లేబర్స్ లాస్ట్ అనే హాస్య నాటకంలో హోలోఫెర్నీస్ అనే పంతులు ఉంటాడు. డెట్, డౌట్ మాటల్లో బి పలకని జనం మీద అతను మండిపడతాడు. బి రాశాం కాబట్టి బి పలకాల్సిందే అంటాడు. నాటకం చూసేవాళ్ళు ఆ పంతుల్ని చూసి నవ్వాలని షేక్స్‌పియర్ ఉద్దేశం. అంటే మా తమ్ముడు చేసింది కొత్త తప్పు కాదు. బి ఉంది కదా పలకాలి కదా అనే వాదన నాలుగు వందల ఏళ్ళ కిందటే లండన్ రంగస్థలం ఎక్కింది.

అసలు ఇంగ్లీషు రాతకీ నోటికీ ఇంత దూరం రావడానికి పెద్ద కారణం ఇంకొకటి ఉంది. విలియం కాక్స్‌టన్ 1476లో ఇంగ్లండుకి అచ్చుయంత్రం తెచ్చాడు. అచ్చు వచ్చాక మెల్లగా స్పెల్లింగులు గట్టిపడ్డాయి. సరిగ్గా అదే కాలంలో, అంటే సుమారు 1400 నుంచి 1700 మధ్య, ఇంగ్లీషు జనం నోట్లో దీర్ఘాచ్చులన్నీ చోటు మారాయి. దీన్ని భాషా చరిత్రలో గ్రేట్ వవెల్ షిఫ్ట్ అంటారు. ఇప్పుడు "నేమ్" అనే మాటని అంతకుముందు దాదాపు "నామ" అనేవారు. "టైమ్"ని "టీమ" అనేవారు. వీరుణ్ణి చెప్పే "నైట్" మాటలో కె, జి-హెచ్ కూడా ఒకప్పుడు పలికేవే. నోరు ముందుకి పోయింది, రాత పాతచోటే ఆగిపోయింది. ఇంగ్లీషు స్పెల్లింగ్ చదవడమంటే ఆరువందల ఏళ్ళ కిందటి మనుషుల గొంతు చూడటం. ఉన్నది ఉన్నట్టు చదివితే తప్పు వచ్చేది అందుకే. అది తెలివితక్కువతనం కాదు.

మొదటి డిక్షనరీ బడికి పోనివాళ్ళ కోసం

నన్ను బాగా కదిలించిన సంగతి ఇది. 16వ శతాబ్దంలో ఇంగ్లీషు పండితులు లాటిన్, గ్రీకు మాటలు బండ్లకొద్దీ తెచ్చి ఇంగ్లీషులో పోశారు. మామూలు మాట ఉన్నా బరువైన మాట వాడటం గొప్ప. ఇలాంటి మాటలకి "ఇంక్‌హార్న్" మాటలు అని వెక్కిరింపు పేరు పెట్టారు. ఇంక్‌హార్న్ అంటే సిరా పోసుకునే కొమ్ము. మాట బతుకులోంచి రాలేదు, సిరాబుడ్డి లోంచి వచ్చింది అని ఎత్తిపొడుపు. చర్చిలో ప్రసంగం వింటున్న సామాన్యులకి సగం మాటలు అర్థమయ్యేవి కావు.

అప్పుడు రాబర్ట్ కాడ్రీ అనే ఒక బడిపంతులు 1604లో ఒక చిన్న పుస్తకం వేశాడు. పేరు ఎ టేబుల్ ఆల్ఫబెటికల్. ఇంగ్లీషు మాటలకి ఇంగ్లీషులోనే అర్థాలు చెప్పిన మొదటి డిక్షనరీ ఇదే. సుమారు 2,500 కష్టపదాలు. ఈ కాడ్రీ చర్చి బోధకుడిగా కూడా పనిచేసి, పైవాళ్ళతో పడక ఆ ఉద్యోగం పోగొట్టుకున్నవాడు. బడిపంతులైన కొడుకు ఈ పనిలో సాయం చేశాడు. పుస్తకం ఎవరి కోసమో మొదటి పేజీలోనే చెప్పాడు: ఆడవాళ్ళ కోసం, పెద్దగా చదువులేని మిగతావాళ్ళ కోసం. చర్చిలో, పుస్తకాల్లో ఎదురయ్యే కష్టమైన మాటలు వాళ్ళకి అర్థం కావాలని. అప్పట్లో లాటిన్ చెప్పే పెద్ద బడుల్లోకి ఆడపిల్లల్ని రానిచ్చేవారు కాదు.

అక్షరక్రమంలో మాటని ఎలాగ వెతకాలో కూడా అందులో వివరించాడు. ఎ-తో మొదలయ్యే మాట పుస్తకం మొదట్లో వెతుకు, వి-తో మొదలయ్యేది చివర్లో వెతుకు అని. అంటే డిక్షనరీ ఎలాగ చూడాలో కూడా తెలియని మనిషిని ఎదురుగా కూర్చోబెట్టుకుని రాశాడు. అది చదివినప్పుడు నాకు ఇంటర్ మొదటి ఏడాది గుర్తొచ్చింది. డిక్షనరీలో ఒక్క మాట వెతకడానికి పావుగంట పట్టేది. ఎవర్నైనా అడగాలంటే సిగ్గు. 1604లోనే ఒక పంతులు నాలాంటోడి కోసం రాశాడు అనుకుంటే ఆ సిగ్గు కొంచెం తగ్గింది.

1623లో హెన్రీ కాకరమ్ వేసిన పుస్తకంలో మాత్రం ఇంకో దారి కనిపిస్తుంది. అందులో ఒక భాగం తిరగేసి ఉంటుంది: మామూలు మాట ఇస్తే బరువైన మాట చెప్తుంది. అర్థం చేసుకోవడానికి కాదు, గొప్పగా కనిపించడానికి. కష్టపదాలకి అప్పటి నుంచి ఇప్పటిదాకా ఈ రెండు ఉపయోగాలూ ఉన్నాయి. తలుపు తెరవడానికి కొందరు, మూయడానికి కొందరు.

బూట్లు చిరిగిన విద్యార్థి

ఇంగ్లీషు డిక్షనరీ అనగానే అందరూ చెప్పే పేరు శామ్యూల్ జాన్సన్. చిన్న పట్నంలో పుస్తకాల కొట్టు పెట్టి నష్టపోయిన తండ్రి కొడుకు. 1728లో ఆక్స్‌ఫర్డులో చేరాడు. బూట్లు చిరిగి వేళ్ళు బయటికి కనిపించేవి. పక్క కాలేజీలో స్నేహితుడి దగ్గర పాఠాలు చెప్పించుకోవడానికి వెళ్తే అక్కడి కుర్రాళ్ళు ఆ బూట్లు చూస్తున్నారని గమనించి వెళ్ళడం మానేశాడు. ఎవరో జాలిపడి కొత్త బూట్లు తలుపు దగ్గర పెడితే కోపంతో విసిరేశాడు. డబ్బులేక పదమూడు నెలలకే చదువు ఆపి ఇంటికి వెళ్ళిపోయాడు. హాస్టల్లో దానం దుప్పట్లు పంచేటప్పుడు ఫోటోకి నిలబడ్డ మనలో ఎవరికైనా ఆ బూట్లు విసిరిన చెయ్యి అర్థమవుతుంది.

ఆ మనిషే 1755లో సుమారు 42 వేల మాటలతో డిక్షనరీ తెచ్చాడు. అందులోనూ తమాషాలున్నాయి. వలలాంటి అల్లికని చెప్పే నెట్‌వర్క్ మాటకి అర్థం చెప్పబోయి, దానికన్నా కష్టమైన మాటలు మూడు వాడాడు.

ఉచ్చారణ సంగతికొస్తే జాన్సన్ తెలివిగా తప్పుకున్నాడు. మాటలో ఏ భాగం నొక్కి పలకాలో మాత్రం గుర్తు పెట్టాడు, మిగతాది వదిలేశాడు. ఎందుకో ఆయనే స్నేహితుడు బాస్వెల్‌కి చెప్పాడు. గొప్ప అనే అర్థంలో వాడే "గ్రేట్" మాటని స్టేట్‌లాగ పలకాలని లార్డ్ చెస్టర్‌ఫీల్డ్ అన్నాడట. కాదు, సీట్‌లాగ "గ్రీట్" అనాలి, ఐరిష్‌వాడు తప్ప ఎవడూ గ్రేట్ అనడని సర్ విలియం యంగ్ అన్నాడట. ఒకడు పెద్దల సభలో మంచి వక్త, ఇంకొకడు కామన్స్ సభలో మంచి వక్త. ఇద్దరికీ కుదరలేదు. ఇక ఏది సరైనదని రాయాలి? ఈరోజు మనందరం అనే "గ్రేట్" ఆనాడు ఒక పెద్దమనిషి లెక్కన ఐరిష్ మోటుతనం.

జాన్సన్ నోట్లో కూడా సొంత ఊరి యాస చివరిదాకా పోలేదు. లండన్‌లో పేరుమోసిన నటుడు గ్యారిక్, జాన్సన్ దగ్గరే చదువుకున్నవాడు, ఆయన "పంచ్" అనే పానీయాన్ని "పూన్ష్" అంటాడని అనుకరించి నవ్వించేవాడు. ఇంగ్లీషు మాటలకి అర్థాలు రాసినవాణ్ణి కూడా ఇంగ్లీషు పలకడం రాదని నవ్వారు, చూడండి.

ఉచ్చారణ సరుకైన రోజు

ఆ తర్వాత పరిస్థితి మారింది. వ్యాపారంతో కొత్తగా డబ్బొచ్చినవాళ్ళు పెద్దమనుషుల్లా కనిపించాలనుకున్నారు. గుడ్డలు కొనుక్కోవచ్చు, యాస ఎక్కడ కొంటారు? దానికీ మార్కెట్ వచ్చింది. థామస్ షెరిడన్ అనే ఐరిష్ నటుడు ఊరూరా మాట్లాడే విద్య మీద ఉపన్యాసాలిచ్చి, 1780లో ప్రతి మాటకీ ఉచ్చారణ చూపే డిక్షనరీ వేశాడు. ఐరిష్‌వాడు మాకు ఇంగ్లీషు నేర్పడమేంటని జాన్సనే వెక్కిరించాడు, తన యాస సంగతి మర్చిపోయి! 1791లో జాన్ వాకర్, ఈయనా ఒకప్పటి నటుడే, అచ్చుల మీద అంకెలు వేసి ఏ అంకెకి ఏ ధ్వనో చెప్పే డిక్షనరీ తెచ్చాడు. అది వందేళ్ళపాటు మళ్ళీ మళ్ళీ అచ్చయింది. అందులో స్కాట్లండువాళ్ళు, ఐర్లండువాళ్ళు, లండన్ కూలిజనం తమ యాస ఎలాగ వదిలించుకోవాలో ప్రత్యేకంగా సూచనలున్నాయి.

1917లో డేనియల్ జోన్స్ వేసిన ఉచ్చారణ డిక్షనరీలో ఎవరి పలుకు ఆధారమో ఆయనే దాచకుండా చెప్పాడు. పెద్ద ఫీజుల ప్రైవేటు బోర్డింగ్ స్కూళ్ళలో కొడుకుల్ని చదివించుకునే కుటుంబాల పలుకు. మన దేశంలో "కరెక్ట్ ప్రొనన్సియేషన్" అని చాలాకాలం నేర్పింది దాన్నే. అది ఇంగ్లండులో కూడా కొద్దిమంది నోటి పలుకే.

మాట పలకడాన్ని బట్టి మనిషిని వేరుచేయడం ఇంకా పాతది. ఇంగ్లీషులో "షిబలెత్" అనే అరుదైన మాట ఉంది. మనవాడా బయటివాడా అని తేల్చడానికి పెట్టే మాట పరీక్ష అని అర్థం. ఇది బైబిల్లో న్యాయాధిపతుల గ్రంథం నుంచి వచ్చింది. యుద్ధంలో ఓడి పారిపోతున్న ఎఫ్రాయీమీయుల్ని యొర్దాను రేవు దగ్గర గిలాదువాళ్ళు ఆపి ఈ మాట పలకమనేవారు. హెబ్రూలో ధాన్యపు వెన్ను అని అర్థం. వాళ్ళ నోట ష రాక "సిబలెత్" అనేవారు. అన్నవాణ్ణి అక్కడే చంపేవారు. 42 వేల మంది చచ్చారని రాసి ఉంది. మా తమ్ముడు చదువుని "సదువు" అన్నప్పుడు మూతి తిప్పుకునేవాళ్ళు కత్తి పట్టుకోలేదు కానీ, వాడు ట్రంకుపెట్టె సర్దుకున్నాడు కదా.

రేకుల షెడ్డులో కూర్చున్న దర్జీ కొడుకు

ప్రపంచంలోకెల్లా పెద్ద ఇంగ్లీషు డిక్షనరీ ఆక్స్‌ఫర్డ్ ఇంగ్లీష్ డిక్షనరీ. దాన్ని నిలబెట్టిన సంపాదకుడు జేమ్స్ మర్రే స్కాట్లండులో పల్లెటూరి దర్జీ కొడుకు. ఇంట్లో స్తోమత లేక 14 ఏళ్ళకే బడి మానేశాడు. మిగతాదంతా సొంతంగా నేర్చుకున్నాడు. 1879లో ఈ పని ఒప్పుకుని ఇంటి దగ్గర రేకుల షెడ్డు వేయించాడు. లోపల గోడలనిండా గూళ్ళు. ఎక్కడ ఏ పుస్తకంలో ఏ మాట కనిపించినా వాక్యంతో సహా చీటీ మీద రాసి పంపమని జనాన్ని అడిగాడు. వేలమంది లక్షల చీటీలు పంపారు. ఆయన పిల్లలు చేతిఖర్చు డబ్బుల కోసం ఆ చీటీలు అక్షరక్రమంలో పేర్చేవారు. 1884లో మొదటి భాగం వచ్చింది. మర్రే 1915లో పోయేనాటికి టి అక్షరం దగ్గర ఉన్నారు. పని 1928లో పూర్తయింది. నాలుగు లక్షలకి పైగా మాటలు.

ఒక చిన్న సంగతి. బి అక్షరం అచ్చయ్యాక చూస్తే ఒక మాట లేదు. చీటీ ఎక్కడో పోయింది. ఆ మాట "బాండ్‌మెయిడ్". అంటే వెట్టికి కట్టుబడిన బానిస అమ్మాయి. ఆమె 1933 అనుబంధంలో గానీ డిక్షనరీలోకి రాలేకపోయింది. ఎవరి మాట ముందు పోతుందో ఆలోచించండి.

వాళ్ళు మన మాట పలికితే

ఇప్పుడు తిరగేసి చూద్దాం. ఇంగ్లీషు డిక్షనరీలో "బ్యాండికూట్" అనే మాట ఉంది. ఏంటో అనుకుంటాం. అది మన పందికొక్కు! తెలుగు నుంచే తీసుకున్నారు. పందికొక్కు అనడం వాళ్ళకి చేతకాలేదు, బ్యాండికూట్ అన్నారు. తర్వాత ఆస్ట్రేలియాలో ఇంకేదో జంతువుకి కూడా ఆ పేరే పెట్టేశారు. మన శ్రీకాకుళాన్ని కంపెనీ కాగితాల్లో "చికాకోల్" అని రాశారు. విశాఖపట్నాన్ని "విజాగపటామ్" చేశారు. ఎవరైనా నవ్వారా? ఆ తెల్లదొర సిగ్గుపడి పెట్టె సర్దుకున్నాడా? వాళ్ళ తప్పు డిక్షనరీలోకి, మ్యాపులోకి ఎక్కింది. మన తప్పు క్యాంటీన్‌లో మారుపేరైంది. తేడా నాలుకలో లేదు, అధికారం ఎవరి చేతిలో ఉందన్నదాంట్లో ఉంది.

చెవులు పోగొట్టుకున్న పంతులు

మన కొండలకి కూడా ఒక డిక్షనరీ కథ ఉంది. గిడుగు వెంకట రామమూర్తి పేరు ఆగస్టు 29న తెలుగు భాషా దినోత్సవం రోజు అందరూ తలుస్తారు. వ్యావహారిక భాష కోసం పోరాడారని చెప్తారు. పర్లాకిమిడిలో పంతులుగా ఉంటూ ఆయన సవర భాష నేర్చుకున్నారని, సవర పిల్లల కోసం బడులు పెట్టి పుస్తకాలు రాశారని తక్కువమంది చెప్తారు. 1931లో సవర వ్యాకరణ గ్రంథం, 1938లో సవర–ఇంగ్లీషు నిఘంటువు మద్రాసు ప్రభుత్వం ద్వారా అచ్చయ్యాయి.

మన సవర తెలుగుకి చుట్టం కాదు. ముండా భాషల కుటుంబం. అందులో గొంతు దగ్గర గాలి టక్కున ఆగే ధ్వని ఒకటుంది. తెలుగులో దానికి అక్షరం లేదు. రామమూర్తి గారు ధ్వనిశాస్త్రం సొంతంగా చదువుకుని, ఆ ధ్వనికి, దీర్ఘాలకి వేరే గుర్తులు వాడి మనవాళ్ళు పలికినట్టే రాశారు. మనల్ని దిద్దలేదు, విన్నారు. లండన్ కూలిజనం కూడా "బాటిల్" అనేటప్పుడు టి మింగి సరిగ్గా ఇదే ధ్వని చేస్తారు. అక్కడ అది చదువురానివాళ్ళ పలుకని చిన్నచూపు. ఇక్కడ మా మామ్మ నోట అది మాటకి ప్రాణం.

అడవుల్లో తిరిగి ఆయన మలేరియా పడ్డారు. క్వినైన్ ఎక్కువగా వాడటంతో వినికిడి పోయింది. మన గొంతుల్లోని ధ్వనులు రాసిపెట్టిన మనిషి చివరికి ఆ ధ్వనులు వినలేకపోయారు. ఆ రోజుల్లోనే, 1936లో, మంగై గొమాంగో సవరకి సొరంగ్ సొంపెంగ్ అనే సొంత లిపి కూడా తయారుచేశారు. ఇన్ని జరిగాయి. మరి మనలో ఎంతమంది ఆ నిఘంటువు చూశాం? నేను కూడా పోయిన ఏడాదిదాకా పేరే వినలేదు.

కష్టపదం తెలియకపోతే ఏం పోతుంది

నవ్వులు భరించొచ్చు. అసలు నష్టం వేరేచోట ఉంది. "యూజుఫ్రక్ట్" అని ఒక అరుదైన మాట ఉంది. లాటిన్‌లో వాడకం, ఫలం అనే రెండు మాటల కలయిక. ఇంకొకరి ఆస్తిని పాడుచేయకుండా వాడుకుని ఫలసాయం తీసుకునే హక్కు అని అర్థం. ఆస్తి నీది కాదు, పండు మాత్రం నీది. ఇది అడవుల కాగితాల్లో కనిపించే మాట. 2006 అటవీ హక్కుల చట్టం చిన్నతరహా అటవీ ఫలసాయం మీద మనకి ఇచ్చింది యాజమాన్య హక్కు. చింతపండు, అడ్డాకు మనవి. ఏదైనా కాగితంలో యాజమాన్యం అనే మాట తీసి యూజుఫ్రక్ట్ అని పెడితే, తెలియనివాడు వేలిముద్ర వేసేస్తాడు.

"ఎలియనేషన్" ఇంకోటి. సోషియాలజీలో ఒంటరితనం లాంటి అర్థం చెప్తారు. భూమి కాగితంలో కనిపిస్తే, భూమి ఇతరుల చేతికి పోవడం. మనందరికీ తెలిసిన 1/70 చట్టం ఆపడానికి పుట్టింది దాన్నే. కాడ్రీ కాలంలో కష్టపదాలు చర్చిలో వినిపించేవి. మనకి కోర్టులో, తహసీల్దార్ ఆఫీసులో, బ్యాంకులో వినిపిస్తాయి. నేను ఇంగ్లీషు నేర్చుకోవద్దు అనట్లేదు. సిగ్గుతో ఆపేయొద్దు అంటున్నాను.

నేను ఇప్పుడు చేస్తున్నది

ఒకటి. రాతని నమ్మను. కొత్త మాట కనిపిస్తే డిక్షనరీలో పలుకు చూస్తాను. అక్కడ చిన్న నిలువు గీత ఎక్కడుంటే దాని తర్వాతి భాగం నొక్కి పలకాలి. రెండు చుక్కలుంటే దీర్ఘం. తలకిందులైన ఈ అక్షరం ఉంటే అచ్చు చాలా తేలిగ్గా, సగం మింగినట్టు. ఈ మూడు గుర్తులు తెలిస్తే సగం పని అయినట్టే.

రెండు. మోసం చేసే మాటలకి ఒక నోట్‌బుక్ పెట్టాను. అందులో కొన్ని: రేవుగట్టుని చెప్పే మాట "క్వే"లా కనిపిస్తుంది, "కీ" అనాలి. తిండి సామాన్లు అనే అర్థం వచ్చేది "విక్చువల్స్"లా ఉంటుంది, "విటల్స్" అనాలి. ఓడలో పనివాళ్ళ మేస్త్రి "బోట్‌స్వెయిన్"లా ఉంటాడు, "బోసన్" అంటారు. నేరం మోపడం "ఇండిక్ట్"లా కనిపిస్తుంది, "ఇండైట్" అనాలి. అతిశయోక్తి "హైపర్‌బోల్" కాదు, "హైపర్బలీ". అచ్చమైన ఉదాహరణ అనే అర్థం వచ్చేది "ఎపిటోమ్" కాదు, "ఎపిటమీ". మరీ పొడుగు మాటల్ని ఎగతాళి చేసే మాట ఒకటుంది: "సెస్క్విపిడేలియన్". లాటిన్‌లో ఒకటిన్నర అడుగు పొడుగున్నది అని.

మూడు. అదే నోట్‌బుక్ వెనక నుంచి మామ్మ మాటలు రాస్తున్నాను. విత్తనాల పేర్లు, దుంపల పేర్లు, వాన రకాలు. మర్రే చీటీల పద్ధతే: మాట, అర్థం, మామ్మ ఏ సందర్భంలో అంది. ఇప్పటికి 140 అయ్యాయి. సెలవులకి వెళ్ళినప్పుడు మీరూ మొదలెట్టండి. మనది సవరైనా, జాతాపు మాటైనా, కువి అయినా, కోయైనా, గోండీ అయినా. మన చీటీ పోతే అనుబంధం వేసేవాడు ఎవడూ లేడు.

మా తమ్ముడు సోమవారం క్లాసుకి వెళ్ళాడు. వెనక బెంచీలోనే కూర్చున్నాడు. ఎవరో "డెబ్ట్" అని పిలిస్తే, "ఆ బి ఎవరు పెట్టారో తెలుసా నీకు?" అని అడిగాడట. వాడికి తెలీదు. తమ్ముడు చెప్పాడు. ట్రంకుపెట్టె ఇంకా సర్దే ఉంది, నేను అడగలేదు. పరీక్ష ఫీజు కట్టడానికి ఇంకా పదిరోజులుంది. కడతాడనే అనుకుంటున్నాను.

మీకు ఇలాంటి అనుభవం ఉంటే, ఏ మాట దగ్గర నవ్వారో కింద రాయండి. ఆ మాట చరిత్ర వెతికి చెప్పే పూచీ నాది.

జోహార్. జై ఆదివాసీ.